నల్లబల్ల మీద నిచ్చెన

మా సార్ క్లాసులోకి వస్తూనే నల్లబల్ల తుడిచి ఓ నిచ్చెన గీశారు. ఐదు మెట్లు. అట్టడుగున 'సంప్రదాయ సమాజం', అన్నిటికన్నా పైన 'జనమంతా వస్తువులు కొనుక్కునే కాలం'. మధ్య మెట్లకి పేర్లు రాస్తుంటే చాక్‌పీసు విరిగింది. మిగిలిన ముక్కతోనే పూర్తి చేసి, చేతులు దులుపుకుని, మా వైపు తిరిగి "మీరు ఏ మెట్టు మీదున్నారో చెప్పండి" అన్నారు.

అది 1989. ఎమ్మే సోషియాలజీ మొదటి ఏడాది. ఒకడు రెండో మెట్టన్నాడు, ఇంకొకడు రెండుకీ మూడుకీ మధ్య అన్నాడు. ముందు బెంచీలో అమ్మాయి లేచి "నగరాలు మూడో మెట్టు మీదున్నాయి, పల్లెలు ఇంకా మొదటి మెట్టు దగ్గరే ఉన్నాయి సార్" అంది. అబ్బ, ఎంత బాగా చెప్పిందనుకున్నాం. ఈ నిచ్చెన వేసిందెవరని మాత్రం ఒక్కరం కూడా అడగలేదు. సార్ ఏమీ అనలేదు. బెల్లు కొట్టాక బల్ల తుడవకుండానే వెళ్ళిపోయారు. తర్వాతి పీరియడ్‌కి వచ్చిన స్టాటిస్టిక్స్ మేడమ్ దాన్ని చూసి ఏదో గ్రాఫ్ అనుకుని జాగ్రత్తగా ఓ పక్కన వదిలేసి, మిగతా సగంలో లెక్కలు చెప్పారు.

దేశాలన్నీ ఈ ఐదు మెట్లూ ఎక్కే ఎదుగుతాయని నిచ్చెన వేసినాయన వాల్ట్ రోస్టో అని మాకు వారం తర్వాత తెలిసింది. అమెరికన్ ఆర్థికవేత్త. 1960లో వచ్చిన ఆయన పుస్తకానికి 'కమ్యూనిస్టేతర ప్రణాళిక' అని ఉపశీర్షిక. ఆ తర్వాత కొన్నేళ్ళకి ఆయనే ప్రెసిడెంట్ జాన్సన్‌కి జాతీయ భద్రతా సలహాదారు అయ్యాడు, వియత్నాం మీద బాంబులు వెయ్యాలని గట్టిగా వాదించినవాళ్ళలో ఒకడయ్యాడు. ఈ సంగతి చెప్పి సార్ మెల్లగా "నిచ్చెన ఎక్కనంటే ఏమవుతుందో అర్థమైందా?" అన్నారు. క్లాసంతా నవ్వింది. నాకైతే నవ్వు రాలేదు. ఎందుకంటే నేను అప్పటికి పది పదిహేనేళ్ళుగా ఆ నిచ్చెన కింది మెట్టు మీదే నిలబడి పైకి చూస్తున్నవాణ్ణి.

డిగ్రీ దాకా తెలుగు మీడియం నాది. ఎమ్మేలో పుస్తకాలన్నీ ఇంగ్లీషు. ఒక్కో పేజీకి ఇరవై సార్లు డిక్షనరీ తిప్పేవాణ్ణి. మార్జిన్ నిండా పెన్సిలుతో తెలుగు అర్థాలు. సెమినార్ అంటే ముందు రోజు రాత్రి నుంచే టెన్షన్. 'అండర్‌డెవలప్డ్' అనే మాట పుస్తకంలో ఎక్కడ కనిపించినా అది దేశాల గురించి రాసినట్టు కాక నా గురించే రాసినట్టు ఉండేది. ఆ మాటకి అంత ఊపు 1949 జనవరి 20న అమెరికా ప్రెసిడెంట్ ట్రూమన్ చేసిన ప్రమాణ స్వీకార ప్రసంగంతో వచ్చిందని చదివినప్పుడు నాకు కలిగిన ఊరట ఇప్పటికీ గుర్తు. ఓహో, ఇది పుట్టుమచ్చ కాదన్నమాట, ఒక తేదీన ఒకాయన అంటించిన చీటీ అన్నమాట.

నా అవస్థ చూసి సార్ ఓ రోజు తన గదికి పిలిచి, "ఏమయ్యా, ఇది చదువు. ఇందులో నీ చుట్టం ఒకాయన ఉన్నాడు" అని ఓ పాత పుస్తకం చేతిలో పెట్టారు. ఫుకుజావా యుకిచి అనే జపాన్ ఆయన ఆత్మకథ. ఈయన నాకేం చుట్టం అనుకుంటూ మొదలుపెట్టాను.

ఫుకుజావా కుర్రాడుగా ఉన్నప్పుడు పడమటి చదువంటే జపాన్‌లో డచ్చి భాషే. ఏళ్ళ తరబడి రాత్రీ పగలూ లేకుండా డచ్చి నేర్చాడు. ఎంత నేర్చాడంటే ఇతరులకి పాఠాలు చెప్పే స్థాయికి వచ్చాడు. 1859లో, కొత్తగా తెరిచిన యోకొహామా రేవు చూద్దామని నడిచి వెళ్ళాడు. అక్కడ దుకాణాల మీద బోర్డులు చదవలేకపోయాడు. సీసాల మీద చీటీలు చదవలేకపోయాడు. తను మాట్లాడిన డచ్చి ఎవరికీ అర్థం కాలేదు. రేవులో అంతా ఇంగ్లీషు. కాళ్ళీడ్చుకుంటూ తిరిగొచ్చాడు. ఇన్నేళ్ళ చదువూ బూడిదలో పోసిన పన్నీరైందని కుంగిపోయాడు. ఎన్నాళ్ళో కాదు, ఆ మర్నాడే ఇంగ్లీషు మొదలుపెట్టాలని నిర్ణయించుకున్నాడు. డచ్చి-ఇంగ్లీషు నిఘంటువు సంపాదించుకుని మళ్ళీ అక్షరాల దగ్గర్నుంచి మొదలు. ఆ పేజీలు హాస్టల్ మెట్ల మీద కూర్చుని రెండు సార్లు చదివాను. నిజంగానే చుట్టం.

మరుసటి ఏడు, 1860లో, ఫుకుజావా ఓడెక్కి అమెరికా వెళ్ళాడు. అక్కడివాళ్ళు ఎంతో ఉత్సాహంగా టెలిగ్రాఫూ ఫ్యాక్టరీలూ చూపించి వివరించారు. ఆయనకి విసుగొచ్చింది. అవన్నీ పుస్తకాల్లో చదివేసినవే. ఆయన నివ్వెరపోయింది వేరే దగ్గర. జార్జ్ వాషింగ్టన్ వారసులు ఇప్పుడెక్కడున్నారని ఒక పెద్దమనిషిని అడిగితే, ఎవరో ఒకావిడ ఉండాలి, ఎవరినో పెళ్ళి చేసుకున్నట్టుంది, సరిగ్గా తెలీదని తాపీగా చెప్పాడట. తొకుగావా వంశపు మొదటి షోగన్ (సైనిక పాలకుడు) ఇయెయాసు సంతతి జపాన్‌లో రెండున్నర శతాబ్దాలుగా గద్దె మీద ఉంది మరి! యంత్రం చూసి ఆశ్చర్యపోతాడనుకున్న మనిషి, ఆ నిర్లక్ష్యాన్ని చూసి ఆశ్చర్యపోయాడు. ఆధునికత అంటే ఏమిటో నాకు అర్థమైంది ఇక్కడే. ఐదు మెట్ల నిచ్చెనలో ఈ సంగతికి చోటెక్కడ?

ఫుకుజావా తరం వాళ్ళకి పెద్ద తలనొప్పి మాటలు. 'సొసైటీ' అనే మాటకి జపనీస్‌లో మాట లేదు. ఒకరొకటి, ఇంకొకరొకటి వాడి చూసి, చివరికి 1870ల్లో 'షకాయ్' దగ్గర స్థిరపడ్డారు. 'ఫిలాసఫీ'కి 'తెత్సుగకు' అనే మాట నిషి అమానె తయారుచేశాడు. ఈ మాటలు తర్వాత చైనా వాళ్ళూ తీసుకున్నారు. అప్పుడు సార్ నాకో పని అప్పగించారు. "మిగతావాళ్ళంతా సెమినార్ పేపరు రాస్తారు. నువ్వు ఒక్కో దేశం వాళ్ళు పాత సమాజం ఆధునికమయ్యే ఈ మార్పుని తమ భాషలో ఏమని పిలుచుకున్నారో వెతికి, దానికి తెలుగు మాట రాసుకురా. మార్కులు అంతే వేస్తాను." నా ఇంగ్లీషుని కాపాడడానికి వేసిన ఎత్తని అప్పుడనుకున్నాను.

అలా మొదలైంది నా మాటల నోట్‌బుక్కు. అందులో మొదట రాసుకున్నది స్వాహిలీ 'మాయెందెలెయో'. అభివృద్ధి అనే అర్థంలో వాడతారు. దాని ధాతువు 'ఎందెలెయా' అంటే కొనసాగడం, సాగిపోవడం. అంటే వెనకబడ్డం, ముందుండడం అనే పోటీ ఆ మాటలో లేదు. 'సాగుబాటు' అని రాసుకున్నాను. సార్ పక్కన టిక్కు పెట్టారు. టాంజానియాకి చెందిన జూలియస్ న్యెరేరె 1967లో అరూషా ప్రకటనలో చెప్పిందీ ఇంచుమించు ఇదే: డబ్బు చుట్టూ, పైవాళ్ళ అప్పుల చుట్టూ అభివృద్ధి కట్టుకుంటే మన కాళ్ళ మీద మనం నిలబడలేం, భూమీ జనమూ ఆధారం కావాలి. దానికాయన పెట్టిన పేరు 'ఉజమా', కుటుంబంలా ఉండడం. దేశాధ్యక్షుడుగా ఉంటూనే షేక్‌స్పియర్ నాటకాలు స్వాహిలీలోకి అనువదించిన మనిషి! నేను ఆయన భక్తుణ్ణైపోయాను. పేపర్లో ఆకాశానికెత్తాను. సార్ ఎర్ర సిరాతో ఒక్క వాక్యం రాశారు: "1973 తర్వాత ఊళ్ళు మార్చడానికి జనాన్ని ఎలా తరలించారో కూడా చదువు." చదివాను. కుటుంబం పేరు చెప్పి లక్షల మందిని ఇళ్ళలోంచి లేపి, గీతలు గీసిన కొత్త ఊళ్ళకి తోలారు. చాలాచోట్ల బలవంతంగానే. పంటలు దెబ్బతిన్నాయి. ఆ రోజు భోజనం సయించలేదు నాకు. మెచ్చుకున్నవాళ్ళ తప్పులు చదవడం ఎంత కష్టమో అప్పుడే తెలిసింది.

నోట్‌బుక్కులో నాకు అన్నిటికన్నా ఇష్టమైన పేజీ పారశీకానిది. ఇరాన్ రచయిత జలాల్ ఆలె అహ్మద్ 1962లో ఓ చిన్న పుస్తకం రాశాడు, 'ఘర్బ్‌జదెగీ' అని. మాట అహ్మద్ ఫర్దీద్ అనే తాత్వికుడిది, దాన్ని వీధిలోకి తెచ్చింది ఈయన. ఇంగ్లీషు అనువాదాల్లో దానికి తలా ఒక పేరు, ఏదీ నోటికి పట్టదు. మా సార్ "దానికి తెలుగులో ఏమంటావు?" అంటే నాలుగు రోజులు తిరిగాను. పారశీకంలో ఎండ తగిలి పడిపోవడాన్నీ ఇదే పద్ధతిలో అంటారని తెలిశాక తట్టింది: వడదెబ్బ లాగా 'పడమటి దెబ్బ'! పరుగెత్తుకుంటూ వెళ్ళి చెప్పాను. సార్ పడీపడీ నవ్వి, "ఇది ఇంగ్లీషు వాడికి దొరకదయ్యా" అన్నారు. ఆ రెండేళ్ళలో నాకు దక్కిన పెద్ద బహుమతి ఆ ఒక్క మాట. ఆలె అహ్మద్ ఆ జబ్బుని గోధుమకి పట్టే పురుగుతో పోలుస్తాడు. పైన పొట్టు చెక్కుచెదరదు, లోపల గింజ ఉండదు. ఆయన కోపమంతా యంత్రాలు కొనుక్కుంటూ వాటి వెనకున్న ఆలోచన నేర్చుకోని సమాజం మీద. అంటే ఫుకుజావా యోకొహామా నుంచి తిరిగొచ్చి పట్టుకున్న పనిని వదిలేసిన వాళ్ళ మీద.

ఇక బాల్గాట్ సంగతి. ఆ పేరు మొదటిసారి విన్నప్పుడు బాలాఘాట్ అనుకుని మధ్యప్రదేశ్ మ్యాపులో వెతికాను. అది టర్కీలో అంకారా దగ్గర పల్లెటూరు. 1950 ప్రాంతంలో అమెరికన్ సామాజిక శాస్త్రవేత్త డేనియల్ లెర్నర్ పని చేసిన సర్వే అక్కడికీ వెళ్ళింది. ప్రశ్నల్లో ఒకటి: టర్కీలో బతకలేకపోతే ఏ దేశంలో ఉండాలనుకుంటావు? ఊరి కిరాణా కొట్టువాడు వెంటనే అమెరికా అన్నాడు, అక్కడ డబ్బు గడించే అవకాశం ఉంటుందట. ఊరి పెద్ద మాత్రం, ఇక్కడే పుట్టాను, ఇక్కడే ముసలివాణ్ణయ్యాను, ఇక్కడే పోవాలి అన్నాడు. లెర్నర్ పుస్తకంలో కొట్టువాడు ఆధునికుడయ్యాడు, పెద్దాయన సంప్రదాయవాది అయ్యాడు. తనని ఇంకో చోట ఊహించుకోగలిగినవాడే ఆధునికుడని సిద్ధాంతం.

సార్ ఆ ప్రశ్నాపత్రం తెలుగులోకి మార్చి, సైక్లోస్టయిల్ చేయించి మాకు పంచారు. సిరా అంటుకుని వేళ్ళు నల్లబడ్డాయి. ఎక్కడుంటావన్న ప్రశ్నకి క్లాసులో సగం పైన అమెరికా. నేను 'ఇక్కడే' అని రాశాను. పెద్ద దేశభక్తేం కాదు, అమెరికా వెళ్తే ఇంగ్లీషులో మాట్లాడాలి కదా అని భయం. సార్ కాగితాలు చూస్తూ "ఒక్క సంప్రదాయవాది దొరికాడు" అని నా పేరు చదివారు. క్లాసు గొల్లుమంది. నవ్వులు ఆగాక సార్ లెర్నర్ పుస్తకంలోనే ఉన్న ఇంకో రెండు సంగతులు చెప్పారు. ఆ ఊళ్ళో ఉన్న ఒక్క రేడియో ఆ సంప్రదాయవాది ఇంట్లోనే ఉండేది. జనాన్ని కూర్చోబెట్టుకుని వార్తలు వినిపించి, అర్థం చెప్పేవాడు. 1954లో లెర్నర్ స్వయంగా వెళ్ళేసరికి కొట్టువాడు చనిపోయాడు, ఊళ్ళో దుకాణాలు నడుపుతున్నది ఆ పెద్దాయన కొడుకులు. "మరి ఎవరయ్యా ఆధునికుడు?" అన్నారు సార్. ఎవరం మాట్లాడలేదు.

నా రూమ్మేటు మాత్రం వెనక బెంచీలోంచి "అడిగేవాడు సార్" అన్నాడు. "ప్రశ్నలన్నీ వాడివే కదా."

ఈ రూమ్మేటు గురించి చెప్పాలి. వాడు లేకపోతే నేను ఆ రెండేళ్ళూ ఏది చదివితే దానికి భక్తుణ్ణై తిరిగేవాణ్ణి. రెండో ఏడాది గాంధీ వంతు వచ్చింది. 1909 నవంబరులో లండన్ నుంచి దక్షిణాఫ్రికాకి వెళ్తూ కిల్డొనన్ కాజిల్ అనే ఓడలో, ఓడ కాగితాల మీదే, పది రోజుల్లో గుజరాతీలో 'హింద్ స్వరాజ్' రాసేశాడాయన. కుడిచెయ్యి నొప్పి పుడితే ఎడమచేత్తో రాశాడు, సుమారు 40 పేజీలు. రైళ్ళ మీద, లాయర్ల మీద, డాక్టర్ల మీద నిప్పులు. మరుసటేడే బొంబాయి ప్రభుత్వం నిషేధించింది. ఆ ఎడమచేతి రాత నన్ను కట్టిపడేసింది. 1945లో గాంధీ ఆ పుస్తకానికే కట్టుబడి ఉన్నానని నెహ్రూకి రాస్తే, పల్లె బుద్ధిలోనూ సంస్కృతిలోనూ వెనకబడి ఉంటుంది, వెనకబడ్డ చోటు నుంచి ముందుకు వెళ్ళడం కుదరదని నెహ్రూ జవాబు రాశాడు. చూశావా, నెహ్రూ కూడా అదే నిచ్చెన ఎక్కాడని రాత్రి గదిలో ఉపన్యాసం దంచాను.

రూమ్మేటు మంచం మీద పడుకునే విన్నాడు. తర్వాత లేచి కూర్చుని, "ఒరేయ్, పల్లె అందంగా ఉంటుందని రాసినవాళ్ళెవరికీ ఊరి బయట ఇల్లు లేదురా" అన్నాడు.

వాడిల్లు ఊరి బయటే. అప్పటిదాకా ఆ ముక్క వాడూ చెప్పలేదు, నేనూ అడగలేదు. ఒకే గదిలో ఏడాదిన్నర. ట్రంకుపెట్టె తీసి అంబేడ్కర్ ప్రసంగం ఉన్న కాగితం చూపించాడు, 1948 నవంబరు 4, రాజ్యాంగ సభ. పల్లె అంటే ఏమిటి, సొంతచోటు పిచ్చి పేరుకున్న మురికిగుంట, అజ్ఞానపు గుహ, అంతే కదా అన్నారాయన. నాకు నోట మాట రాలేదు. అయితే నువ్వు రోస్టో పక్షమా అని అడిగాను, ఎలాగైనా వాదన నెగ్గాలి కదా. వాడు ఇంకో కాగితం తీశాడు. 1954 అక్టోబరులో అంబేడ్కర్ ఆలిండియా రేడియోలో మాట్లాడుతూ, స్వేచ్ఛ, సమానత్వం, సౌభ్రాతృత్వం తను ఫ్రెంచి విప్లవం నుంచి అరువు తెచ్చుకోలేదని, తన గురువు బుద్ధుడి బోధనల నుంచి తీసుకున్నానని చెప్పారు. కొలంబియాలో, లండన్‌లో చదివి, సూటూ బూటూ వేసుకున్న మనిషి చెప్పిన మాట అది. "తూర్పూ పడమరా అనేది మీ గొడవరా. మా గొడవ పైనా కిందా" అని దుప్పటి కప్పుకుని పడుకున్నాడు. లైటు నేనే ఆర్పాను. ఆ రాత్రి నోట్‌బుక్కులో 'సమాజం' అని రాసుకున్న పేజీ తీసి చూస్తూ చాలాసేపు కూర్చున్నాను, చీకట్లో ఏమీ కనిపించకపోయినా.

1990లో ఐక్యరాజ్యసమితి వాళ్ళ మానవాభివృద్ధి నివేదిక మొదటిసారి వచ్చింది. లైబ్రరీలో అది చేరినప్పుడు సార్ మమ్మల్ని గుంపుగా తీసుకెళ్ళి చూపించారు, పెళ్ళికూతుర్ని చూపించినట్టు. దాని వెనక మనిషి పాకిస్తాన్‌కి చెందిన మహబూబుల్ హక్. యువకుడుగా ఉన్నప్పుడు నిచ్చెన పద్ధతిలోనే తన దేశానికి ప్రణాళికలు రాసినవాడు. ఫలితం చూసుకుని, పరిశ్రమల్లో మూడింట రెండు వంతులు 22 కుటుంబాల చేతిలోకి వెళ్ళిందని 1968లో తనే బయటపెట్టాడు. మనిషి ఎంత కాలం బతుకుతున్నాడు, ఎంత చదువుకున్నాడు, ఎంత సంపాదిస్తున్నాడు అనే మూడింటినీ కలిపి ఒక అంకె చెయ్యాలన్నాడు. కేంబ్రిడ్జిలో ఆయనతో చదువుకున్న అమర్త్య సేన్ బతుకుని ఒక్క అంకెలో ఎలా ఇరికిస్తావని మొదట ఒప్పుకోలేదట. స్థూల జాతీయోత్పత్తి లాంటి మొరటు అంకెని కొట్టాలంటే అంతే మొరటు అంకె కావాలి, కాకపోతే ఇది గుడ్డిది కాకూడదని హక్ వాదన. ఆదాయం చూస్తే పేద దేశమైన శ్రీలంకలో ఆయుర్దాయం 70 ఏళ్ళ దాకా ఉందని ఆ పట్టికలో చూసి మేము చేతులు కలుపుకున్నాం. రూమ్మేటు మాత్రం "ఇదీ నిచ్చెనే. మెట్లు మార్చారంతే" అన్నాడు. వాడి నోటికి తాళం లేదు.

తర్వాత నేను ఉద్యోగంలో పడి, నోట్‌బుక్కు పక్కన పెట్టేశాను. అప్పుడప్పుడు పేపర్లో ఏదో కనిపించి చెయ్యి దురద పెట్టేది. 2008లో ఈక్వడార్ తన రాజ్యాంగంలోనే 'సుమక్ కవ్‌సాయ్' అని అక్కడి ఆదివాసుల కిచువా భాషలోని మాట పెట్టుకుంది, చక్కగా బతకడం అని. ప్రకృతికి హక్కులున్నాయని రాసుకుంది. ఆ దేశమే 2013లో యాసుని అడవిలో చమురు తవ్వకానికి గేట్లు తెరిచింది, 2023లో జనం ఓట్లేసి ఆపమన్నారు. 2008లోనే భూటాన్ కూడా 'స్థూల జాతీయానందం' అనే తన మాటని రాజ్యాంగంలో చేర్చింది. అందరూ ముచ్చటపడ్డారు. 1990ల మొదట్లో ఆ దేశం నుంచి లక్ష మంది దాకా నేపాలీ మాట్లాడేవాళ్ళు నేపాల్ శరణార్థి శిబిరాలకి చేరారని మాత్రం ఎవరూ ఆ ముచ్చట పక్కన రాయలేదు. సార్ ఉంటే ఎర్ర సిరా తీసేవారు. ఆయన పోయి పన్నెండేళ్ళు.

రూమ్మేటు ఇప్పుడు రిటైరై దేశాలు తిరుగుతున్నాడు. కిందటి నెల వాట్సాప్‌లో ఒక ఫొటో పంపాడు. వెడల్పాటి రోడ్డు, రెండు వైపులా అద్దాల ఆఫీసులు, ట్రాఫిక్ జామ్. కింద ఒక్క ముక్క: "బాల్గాట్." ఊరు ఏనాడో అంకారాలో కలిసిపోయింది. ఆ కొట్టు ఎక్కడుండేదో కనుక్కుందామని నలుగురిని అడిగాడట, ఎవరూ చెప్పలేదట. ఊరి పెద్ద గురించి అడిగితే ఒక కుర్రాడు ఫోన్‌లో మ్యాప్ తీసి వెతికాడట.

దాని కిందే ఇంకో మెసేజ్. "ఒరేయ్ సంప్రదాయవాదీ, ఇప్పుడడుగుతున్నా. నువ్వైతే ఎక్కడుంటావు?"

నేనింకా రిప్లై ఇవ్వలేదు. చదివానని వాడికి రెండు నీలం టిక్కులు కనబడుతూనే ఉంటాయి. మొన్న పొద్దున మళ్ళీ రెండు ప్రశ్నార్థకాలు పంపాడు.